రెండు ఆర్డర్ల మధ్య ఖాళీ: స్వీడన్ రక్షణ పరిశ్రమ లెక్కలపై ఒక కేస్ స్టడీ

నేను కాస్ట్ అకౌంటెంట్‌ని. బాలానగర్‌లో విమాన విడిభాగాలు మెషినింగ్ చేసే ఒక చిన్న యూనిట్‌లో 19 ఏళ్లుగా ఖర్చుల లెక్క చూస్తున్నాను. స్వీడన్ గురించి ఇంత లోతుగా చదవడానికి కారణం అరచేతిలో ఇమిడే ఒక అల్యూమినియం బ్రాకెట్.

ఆ బ్రాకెట్‌ను యూరప్‌లోని ఒక కంపెనీకి రెండేళ్లు సరఫరా చేశాం. తర్వాత ఆర్డర్ ఆగిపోయింది. మూడేళ్లకు మళ్లీ వచ్చింది, 40 పీసులకి. డ్రాయింగ్ పాతదే, మెషిన్ పాతదే, ప్రోగ్రామ్ పాతదే. ముక్కను బిగించి పట్టుకునే ఫిక్స్‌చర్‌ని కూడా గ్రీజు పూసి భద్రంగానే దాచాం. పాత రేటు మీద మెటీరియల్, కూలీ పెరుగుదల కలిపి కొటేషన్ నేనే ఇచ్చాను. మొదటి 12 పీసుల్లో 7 రిజెక్ట్ అయ్యాయి. ఒక చోట గోడ మందం ఒకటిన్నర మిల్లీమీటర్లే ఉంటుంది. బిగింపు విప్పగానే అక్కడ ముక్క వంగిపోతోంది.

"సార్, ప్రాసెస్ షీట్‌లో ఎలా ఉందో అలాగే చేశాం" అన్నాడు మెషిన్ మీదున్న కుర్రాడు. అతని తప్పేమీ లేదు. మెషిన్‌ని పనికి సిద్ధం చేసే పాత సెట్టర్ రిటైరై తెనాలి దగ్గర వాళ్ల ఊరికి వెళ్లిపోయారు. ఫోన్ చేస్తే ఆయన మొదట అడిగిన మాట ఇది: "రఫింగ్, అదే మొదటి మోటు కోత, అయ్యాక బిగింపు విప్పి రాత్రంతా వదిలేశారా? పొద్దున తిరగేసి, సన్నగా రెండు కోతలు వెయ్యాలి బాబూ. నేను షీట్‌లో రాయించలేదూ?"

రాయించలేదు. ఆ రాత్రంతా వదిలేయడమన్న పని ఏ కాగితంలోనూ లేదు. ఆ లాట్ మీద రావాల్సిన లాభమంతా తుడిచిపెట్టుకుపోయింది. నన్ను బాధపెట్టింది నష్టం కన్నా ఇంకో సంగతి. నా కాస్ట్ షీట్‌లో మెటీరియల్‌కి గడి ఉంది, టూల్ అరుగుదలకి గడి ఉంది, కరెంటుకీ ఉంది. మూడేళ్ల ఖాళీకి మాత్రం గడి లేదు.

ఒక బ్రాకెట్‌కే ఇలా అయితే, తరానికోసారి కొత్త యుద్ధవిమానం, కొత్త జలాంతర్గామి చేసే చిన్న దేశం ఆ ఖాళీని ఎలా మోస్తుంది? ఎవరి డబ్బుతో మోస్తుంది? ఈ కేసులో నేను వెతికింది అదే.

మొదలు పెట్టింది ఇష్టంతో కాదు

స్వీడన్ జనాభా సుమారు కోటీ ఐదు లక్షలు. హైదరాబాద్, దాని చుట్టుపక్కల కలిపితే ఇంచుమించు అంతే. ఆ దేశం సొంతంగా యుద్ధవిమానాలు చేస్తుంది, జలాంతర్గాములు చేస్తుంది, రాడార్లు, క్షిపణులు, తుపాకులు చేస్తుంది. అది చూసి గొప్పలకు పోయిందనుకుంటారు చాలామంది. చరిత్ర చూస్తే అసలు సంగతి వేరు.

విమానాలు చేసే సాబ్ కంపెనీ 1937లో పుట్టింది. అయినా రెండో ప్రపంచయుద్ధం మొదలయ్యేసరికి స్వీడన్ ఫైటర్ విమానాల కోసం బయటి దేశాల మీదే ఆధారపడి ఉంది. అమెరికాలోని సెవర్‌స్కీ కంపెనీకి 120 ఫైటర్లు ఆర్డర్ ఇస్తే 60 చేరాయి. మిగతా 60ని 1940లో అమెరికా తనకే అట్టిపెట్టుకుంది. వల్టీ కంపెనీకి ఇచ్చిన 144 విమానాల ఆర్డర్‌లో ఒక్కటీ రాలేదు. చేతిలో ఒప్పందం ఉన్నా ఆకాశంలో విమానం లేదు. అప్పుడు హడావిడిగా సొంత డిజైన్‌తో జె-22 అనే ఫైటర్ చేసుకున్నారు. ఉక్కు చట్రం, దాని మీద ప్లైవుడ్ తొడుగు. విడిభాగాల పని వందలాది చిన్న కంపెనీలకు పంచారు. ఇంజినేమో అమెరికన్ ఇంజిన్‌కి లైసెన్స్ లేకుండా చేసిన నకలు. అలాంటివి 198 కట్టారు.

ఆ దెబ్బ స్వీడన్ మర్చిపోలేదు. యుద్ధం అయ్యాక టున్నాన్ (661 విమానాలు), తర్వాత లాన్సెన్, డ్రాకెన్, విగ్గెన్, ఒకదాని వెనక ఒకటి వచ్చాయి. ఇక్కడ ఒక విషయం గమనించాలి. టున్నాన్ 1948లో ఎగిరింది, లాన్సెన్ 1952లో, డ్రాకెన్ 1955లో, విగ్గెన్ 1967లో. మధ్యలో ఖాళీ నాలుగేళ్లు, మూడేళ్లు, పన్నెండేళ్లు. అంటే ఒక విమానం డిజైన్ చేసిన చేతులే తర్వాతి దాన్నీ మొదలుపెట్టాయి. గ్రిపెన్ ఎగిరింది 1988లో. ఈసారి ఖాళీ 21 ఏళ్లు. పరిశ్రమకు ఊపిరి ఆడకపోవడం అక్కడ మొదలైంది.

భాగహారం

అంకెలు నేను ఊహించుకున్నవి, లెక్క తీరు చూపించడానికే. ఒక ఫైటర్ డిజైన్‌కి 2,000 రూపాయలు, ఒక్కో విమానం కట్టడానికి 10 రూపాయలు అనుకుందాం. వంద విమానాలు కడితే ఒక్కోదాని నెత్తిన డిజైన్ ఖర్చు 20, కట్టే ఖర్చు 10, మొత్తం 30. రెండు వందలు కడితే 20. అమెరికా ఎఫ్-16లను 4,600కు పైగా కట్టింది. అన్ని కడితే పదిన్నర దగ్గర తేలుతుంది. కట్టే పనితనంలో ఏ తేడా లేకపోయినా, చిన్న దేశపు విమానం కేవలం భాగహారం వల్లే రెట్టింపు, మూడింతలు ఖరీదవుతుంది.

విగ్గెన్ సరిగ్గా అలాంటిదే. 329 కట్టారు. ఒక్కటీ ఎగుమతి కాలేదు. మొత్తం బరువు స్వీడన్ పన్నుదారుడి మీదే పడింది.

దీనికి మందు రెండు రకాలు. పైనున్న ఖర్చు తగ్గించాలి, లేదా కింద భాగించే అంకె పెంచాలి. గ్రిపెన్‌లో స్వీడన్ రెండూ చేసింది.

1982 ఒప్పందం

1982 జూన్ 30న స్వీడన్ ఆయుధ సేకరణ సంస్థ ఎఫ్ఎంవీ, సాబ్ నాయకత్వంలోని కంపెనీల బృందంతో సంతకాలు చేసింది. విలువ 2,570 కోట్ల క్రోనర్లు (స్వీడన్ కరెన్సీ). అందులో 5 నమూనా విమానాలు, మొదటి విడత 30 విమానాలు. ఇంకో 110 తీసుకునే వీలు. బృందంలో ఎరిక్సన్, వోల్వో ఇంజిన్ల విభాగం కూడా ఉన్నాయి. ధర ముందే కట్టేశారు. ఎంత ఖర్చైతే అంత ఇస్తాం అనే పద్ధతి కాదది. డిజైన్ ఇంజినీర్ కలం పట్టుకున్న రోజు నుంచే పక్కన ధర కూర్చుంది.

విమానం పూర్తి పేరు జాస్-39 గ్రిపెన్. ఆ పేరులోనే పొదుపు కనిపిస్తుంది. జాస్ అంటే స్వీడిష్‌లో గగనతల పోరు, దాడి, నిఘా అనే మూడు మాటల మొదటి అక్షరాలు. విగ్గెన్‌లో ఒక్కో పనికి ఒక్కో రకం కట్టారు. గ్రిపెన్‌లో మూడు పనులూ ఒకే విమానం, ఒకే పైలట్. సైజు చిన్నది, ఇంజిన్ ఒక్కటే.

నాకు బాగా నచ్చిన అంశం నేల మీద జరిగేది. స్వీడన్ పథకం ప్రకారం యుద్ధం వస్తే విమానాలు పెద్ద స్థావరాల్లో ఉండవు. అడవుల మధ్య హైవే ముక్కల మీద, 800 మీటర్ల దారి మీద దిగుతాయి. అక్కడ ఇంధనం నింపి, క్షిపణులు బిగించి, పది నిమిషాల్లోపు మళ్లీ పంపాలి. ఆ పని చేసేది ఒక టెక్నీషియన్, ఐదుగురు నిర్బంధ సైనిక సేవలో ఉన్న కుర్రాళ్లు. కొన్ని నెలల శిక్షణతో వచ్చిన పిల్లలు చలిలో గ్లవుజులతో చెయ్యగలిగేలా ప్యానెల్ ఎత్తు, బిగింపులు, తలుపులు అన్నీ అమర్చాలి. మెయింటెనెన్స్‌లో మనిషి గంట తగ్గితే 30 ఏళ్లపాటు ప్రతి రోజూ తగ్గుతుంది. కొన్న ధర ఒక్కసారే. ఖర్చుల లెక్కలు వేసేవాళ్లం మనం మొదట చూడాల్సింది ఇదని నా అభిప్రాయం. చాలాసార్లు చివర చూస్తాం.

దారి సాఫీగా ఏమీ సాగలేదు. మొదటిసారి ఎగిరిన రెండు నెలల్లోపే, 1989 ఫిబ్రవరి 2న సాబ్ ఫ్యాక్టరీ ఉన్న లిన్‌షోపింగ్‌లో దిగుతూ నమూనా విమానం బోల్తా కొట్టింది. 1993 ఆగస్టులో స్టాక్‌హోమ్ నడిబొడ్డున, పండగ జనం చూస్తుండగా ఇంకొకటి కూలింది. రెండింటిలోనూ కంప్యూటర్ నియంత్రణ వ్యవస్థే ప్రధాన సమస్య. రెండుసార్లూ పైలట్ బతికాడు. పార్లమెంటులో తిట్లు, పత్రికల్లో తిట్లు. అయినా రెండో విడత 110, మూడో విడత 64 ఆర్డర్ చేశారు. మొత్తం 204.

ఇంజిన్ ఎవరిదో అమ్మకం వాళ్ల చేతిలో

ఖర్చు తగ్గించడానికి స్వీడన్ వేసిన పెద్ద అడుగు, ఇంజిన్ మొదటి నుంచీ సొంతంగా చెయ్యకపోవడం. గ్రిపెన్ తొలి రకాల్లో ఉన్న ఆర్ఎం-12 ఇంజిన్, అమెరికన్ కంపెనీ జనరల్ ఎలక్ట్రిక్ చేసిన ఎఫ్-404 నుంచి వచ్చింది. దాన్ని వోల్వో మార్చి, స్వీడన్‌లో తయారు చేసింది. ఇప్పటి గ్రిపెన్-ఈలో ఉన్నది అదే కంపెనీ ఎఫ్-414. డిజైన్ ఖర్చులో పెద్ద ముక్క అమెరికా నెత్తిన పోయింది. కానీ దానికి బదులుగా వదులుకున్నదేమిటో మన దేశంతో జరిగిన బేరంలోనే తేలింది.

1970ల చివర్లో భారత వాయుసేన చొచ్చుకెళ్లి దాడి చేసే విమానం కోసం వెతుకుతోంది. విగ్గెన్ పోటీలో ఉంది. దాని ఇంజిన్ మూలం ప్రాట్ అండ్ విట్నీ డిజైన్. 1978లో అమెరికా ఎగుమతికి అనుమతి ఇవ్వలేదు. మనం జాగ్వార్ తీసుకున్నాం. విగ్గెన్‌కి దక్కబోయిన అతిపెద్ద విదేశీ ఆర్డర్ అక్కడితో పోయింది.

ఇదే ఎఫ్-404 కుటుంబం మన తేజస్‌లో ఉంది. 2021లో 83 తేజస్ మార్క్-1ఏ విమానాలు ఆర్డర్ చేశాక, ఇంజిన్లు ఆలస్యమై విమానాల అప్పగింత వెనకబడింది. స్వీడన్ వాళ్లు 1978లో నేర్చుకున్నదాన్ని మనం ఇప్పుడు చూస్తున్నాం. ఇంజిన్ బయట కొంటే ఖర్చు తగ్గేమాట నిజం. కానీ ఆ తగ్గింపు పక్కనే ఇంకో గడి గీసి, "మూడో దేశం కాదంటే పోయే ఆర్డర్" అని రాసుకోవాలి.

ఎగుమతి: లాభం కోసమా, జీతాల కోసమా

ప్రచ్ఛన్న యుద్ధం ముగిశాక స్వీడన్ సైన్యాన్ని బాగా కుదించింది. 204 గ్రిపెన్‌లు తయారయ్యేసరికి అన్ని అక్కర్లేదన్నారు. 2004లో సుమారు వంద చాలని తేల్చారు. మిగిలినవి కొన్ని ఆధునీకరించి అద్దెకిచ్చారు, హంగేరీకి 14, చెక్ దేశానికి 14. అద్దె అనేది చాలా తెలివైన పద్ధతి. చిన్న దేశం దగ్గర ఒకేసారి పెద్ద మొత్తం ఉండదు. స్వీడన్‌కి అవి ఖాళీగా నిలబడితే నష్టం. సాబ్‌కి మాత్రం కొత్త విమానం కట్టే పని రాదు, మార్పుల పని, సర్వీసు పని వస్తుంది. ఆ మార్పుల పనే ఇంజినీర్లను నిలబెట్టింది. ఈ అద్దె బేరాలకు ఒక మచ్చ కూడా ఉంది. మార్కెటింగ్ భాగస్వామిగా ఉన్న బ్రిటిష్ కంపెనీ బీఏఈ, ఈ రెండు లీజులూ చేరిన ఒక కేసులో 2010లో అమెరికా కోర్టులో నేరం ఒప్పుకొని 40 కోట్ల డాలర్ల జరిమానా కట్టింది.

దక్షిణాఫ్రికా 26 కొంది. అక్కడ ఇంకో పాఠం. కొన్న దేశం దగ్గర నడపడానికి బడ్జెట్ లేక సగం దాకా విమానాలను గోడౌన్‌లో పెట్టారు. 2021లో మెయింటెనెన్స్ ఒప్పందం లేక మొత్తం దళమే ఏడాదిపాటు నేల మీద ఉండిపోయింది. అమ్మిన విమానం ఎగరకపోతే స్పేర్ పార్టులు అమ్ముడుపోవు. సర్వీసు ఆదాయం మీద లెక్కలు వేసుకున్నవాళ్లకి అది గట్టి దెబ్బ.

అసలు టెన్షన్ 2012 నుంచి 2014 దాకా నడిచింది. కొత్త గ్రిపెన్-ఈ కోసం స్వీడన్ పార్లమెంటు సొమ్ము మంజూరు చేస్తూ ఒక షరతు పెట్టింది. ఇంకో దేశం కనీసం 20 కొనకపోతే మొత్తం పథకం రద్దు చేసుకోవచ్చు. చిన్న దేశపు పరిస్థితి ఇంత బాహాటంగా కాగితం మీద రాసుకోవడం నేను ఇంకెక్కడా చూడలేదు. స్విట్జర్లాండ్ 22 కొంటానంది. 2013 డిసెంబరులో బ్రెజిల్ 36 ఎంచుకుంది. 2014 మే 18న స్విస్ ప్రజలు రెఫరెండంలో 53.4 శాతం వద్దన్నారు. బ్రెజిల్ లేకపోతే ఆ రోజు సాయంత్రం లిన్‌షోపింగ్ ఎలా ఉండేదో ఊహించుకోవచ్చు.

బ్రెజిల్ ఊరికే రాలేదు. ఒప్పందం విలువ 3,930 కోట్ల క్రోనర్లు. కొనడానికి అప్పు ఇచ్చింది కూడా స్వీడన్ ప్రభుత్వ ఎగుమతి రుణ సంస్థే. 36లో 15 విమానాల కూర్పు బ్రెజిల్‌లోని ఎంబ్రాయర్ ఫ్యాక్టరీలో. 300కు పైగా బ్రెజిల్ ఇంజినీర్లు, టెక్నీషియన్లు లిన్‌షోపింగ్ వచ్చి పక్కన కూర్చుని పని నేర్చుకున్నారు. రెండు సీట్ల రకం బ్రెజిల్ కోసమే డిజైన్ అయింది. కాక్‌పిట్‌లో చిన్న తెరలు మూడు కాకుండా వెడల్పైన ఒకే తెర కావాలని బ్రెజిల్ అడిగింది. దాన్ని బ్రెజిల్ నగరం పోర్తో అలెగ్రేలోని కంపెనీ చేసింది. తర్వాత స్వీడన్ తన సొంత విమానాల్లోనూ అదే తెర పెట్టుకుంది.

దీన్ని ఎలా చూడాలన్నదాని మీద మా వృత్తిలోనే వాదనలున్నాయి. తన విద్యను తనే పంచిపెట్టుకుంటోంది, రేపు పోటీదారుడు తయారవుతాడు అంటారు కొందరు. నా లెక్క వేరు. బ్రెజిల్ ఆర్డర్ మీద ఎంత శాతం లాభం మిగిలిందన్నది రెండో ప్రశ్న. మొదటి ప్రశ్న, ఆ ఆర్డర్ ఎన్నేళ్ల ఖాళీని నింపింది అన్నది. డిజైన్ బృందానికి పదేళ్లకు పైగా పని దొరికింది. ఆ జీతాలు స్వీడన్ ప్రభుత్వం ఒక్కటే కట్టాల్సిన అవసరం తప్పింది. విద్య పంచుకోవడమే దానికి కట్టిన ధర. ఆ ధర నాకు సరైనదే అనిపిస్తుంది.

పక్కింటివాళ్లు మాత్రం కొనలేదు. నార్వే 2008లో, డెన్మార్క్ 2016లో, ఫిన్లాండ్ 2021లో ఎఫ్-35 ఎంచుకున్నాయి. ఫిన్లాండ్ ఒక్కటే 64 తీసుకుంది. అమెరికా విమానంతోపాటు అమెరికా అండ కూడా వస్తుంది. అది ఏ కొటేషన్‌లోనూ కనబడని అంశం. కోటి మంది ఉన్న దేశం దాన్ని ఇవ్వలేదు. 2025 నవంబరులో కొలంబియా 17 విమానాలకు సంతకం చేసింది, సుమారు 310 కోట్ల యూరోలు. అందులోనూ ఇంజిన్ అమెరికాదే.

మాల్మో గేటు దగ్గర

విమానాల్లో ఖాళీని ఎలాగోలా నింపుకుంటూ వచ్చారు. జలాంతర్గాముల్లో నింపలేకపోయారు. ఈ కేసు మొత్తంలో నాకు ముఖ్యమైన భాగం ఇదే.

కోకుమ్స్ అనేది జలాంతర్గాములు కట్టే, పేరుమోసిన స్వీడన్ షిప్‌యార్డ్. గోట్లాండ్ తరగతి జలాంతర్గాములు 1990ల రెండో భాగంలో అప్పగించారు. గాలి కోసం పైకి రాకుండా వారాల తరబడి నీటిలో ఉండగల స్టర్లింగ్ ఇంజిన్ వాటి ప్రత్యేకత. 2005 నుంచి ఒక దాన్ని అమెరికా నౌకాదళం సిబ్బందితో సహా అద్దెకు తీసుకుని, రెండేళ్లు శాన్ డియాగో దగ్గర దాన్ని పట్టుకోవడం ప్రాక్టీస్ చేసింది. అంతటి వస్తువు అది. కానీ దాని తర్వాత కొత్త ఆర్డర్ లేదు. 1999లో యార్డు జర్మన్ చేతుల్లోకి వెళ్లింది. 2005లో జర్మన్ కంపెనీ థీసెన్‌క్రుప్ కిందికి వచ్చింది. జర్మన్ యజమానికి సొంత జలాంతర్గాములు ఉన్నాయి. స్వీడన్ డిజైన్‌ని పక్కనే పెట్టి బయట అమ్మాల్సిన అవసరం అతనికేముంది? అమ్మకాలు లేవు, కొత్త పని లేదు.

2014లో స్వీడన్ ఓపిక నశించింది. కొత్త ఏ-26 జలాంతర్గామి విషయంలో ధర, ఎగుమతి షరతుల మీద జర్మన్లతో చెడింది. అప్పుడు సాబ్ యార్డులోని ఇంజినీర్లను తన వైపు తీసుకోవడం మొదలుపెట్టింది. ఏప్రిల్ 8న ఎఫ్ఎంవీ మనుషులు సైనిక సిబ్బందితో కలిసి, ప్రభుత్వానికి చెందిన రహస్య పరికరాలు తీసుకెళ్లడానికి మాల్మో యార్డుకు వచ్చారు. లోపల వాళ్లుండగా గేట్లు మూసేశారని అప్పటి వార్తలు. సొంత దేశపు సైన్యం, సొంత దేశంలోని ఫ్యాక్టరీలో, సొంత పరికరాల కోసం గేటు దగ్గర వాదులాడాల్సి వచ్చింది. జులైలో సాబ్ ఆ కంపెనీని 34 కోట్ల క్రోనర్లకు కొనేసింది.

34 కోట్లు. ఒక షిప్‌యార్డుకు, స్టర్లింగ్ ఇంజిన్‌కు, అన్ని దశాబ్దాల డ్రాయింగులకు. కాస్ట్ అకౌంటెంట్‌గా ఈ అంకె దగ్గర నేను చాలాసేపు ఆగాను. ఇంజినీర్లు నడిచి వెళ్లిపోయిన యార్డు విలువ అంతే. మిగిలింది షెడ్లు, క్రేన్లు, కాగితాలు.

2015లో రెండు ఏ-26లు ఆర్డర్ చేశారు, 760 కోట్ల క్రోనర్లు. 2022, 2024లో ఇవ్వాలి. 2021లో ఇంకో 520 కోట్లు కలిపి 2027, 2028 అన్నారు. 2025 అక్టోబరులో మళ్లీ ఒప్పందం మార్చారు. మొత్తం ఖర్చు దాదాపు 2,500 కోట్లు, అప్పగింత 2031, 2033. మొదటి అంకెకి మూడింతలు దాటింది.

ఆలస్యానికి కారణాలు చాలా చెబుతారు. డిజైన్ మార్పులు, మహమ్మారి, సప్లయర్లు. అన్నీ నిజమే అయ్యుండొచ్చు. నాకు మాత్రం వినిపించేది తెనాలి నుంచి ఫోన్‌లో ఆ పెద్దాయన గొంతే. గోట్లాండ్ తరగతికీ ఏ-26 ఆర్డర్‌కీ మధ్య ఇంచుమించు ఇరవై ఏళ్లు. నీటి ఒత్తిడిని తట్టుకునే మందపాటి ఉక్కు పొట్టకి (ప్రెషర్ హల్) వెల్డింగ్ చేసిన మనిషి, ఆ వెల్డింగ్ చూసి సరే అన్న ఇన్‌స్పెక్టరు, ఇద్దరూ ఇరవై ఏళ్లలో రిటైరైపోతారు. మధ్యలో మరమ్మతులు, ఆధునీకరణ పనులు జరిగాయి. కానీ పాతదాన్ని కోసి అతికించడం వేరు, సున్నా నుంచి కట్టడం వేరు.

2025 నవంబరులో పోలండ్ ఇదే ఏ-26ను ఎంచుకుంది, మూడు కావాలని. ఇరవై ఏళ్ల ఖాళీ తర్వాత ఈ యార్డుకు వరసగా ఐదు జలాంతర్గాముల పని కళ్లముందుంది. ఖర్చు పాడైపోయిన ప్రాజెక్టునే ఇంకో దేశం కొనడం వింతగా ఉండొచ్చు. ఖాళీకి కట్టాల్సిన ధర స్వీడన్ కట్టేసింది. చేతులు మళ్లీ పనికి అలవాటుపడ్డాయి. పోలండ్‌కి కనబడుతున్నది ఆ చేతులే అని నా నమ్మకం.

బోఫోర్స్ కాగితాలు

మనవాళ్లకి స్వీడన్ ఆయుధాలంటే మొదట గుర్తొచ్చేది బోఫోర్స్. కార్ల్‌స్కూగా అనే చిన్న ఊళ్లో ఉన్న ఈ కంపెనీకి 1986లో మన ప్రభుత్వం 410 హోవిట్జర్ ఫిరంగులు ఆర్డర్ ఇచ్చింది, రూ.1,437 కోట్లు. 1987లో స్వీడిష్ రేడియో ముడుపుల సంగతి బయటపెట్టాక జరిగిన రాజకీయం అందరికీ తెలుసు, దాని జోలికి నేను పోను. తుపాకీ మాత్రం కార్గిల్‌లో పనిచేసింది.

నాకు కావలసింది ఆ ఒప్పందంతో మనకు వచ్చిన టెక్నాలజీ కాగితాలు. డ్రాయింగులు, స్పెసిఫికేషన్లు పెట్టెలకొద్దీ వచ్చాయి. వాటిని పాతికేళ్లు ఎవరూ వాడలేదు. చివరికి ఆ కాగితాల ఆధారంగానే జబల్పూర్‌లో ధనుష్ తుపాకీ రూపొందింది. మొదటివి 2019లో సైన్యానికి అందాయి. అంటే కాగితం పాతికేళ్లు బతికింది. కానీ అదే కాగితంతో 1990లో పని మొదలుపెట్టి ఉంటే, ఇంజినీర్లకు కార్ల్‌స్కూగాలో అడిగేందుకు మనుషులు దొరికేవారు. 2000లో బోఫోర్స్ తుపాకుల విభాగం అమెరికన్ కంపెనీకి వెళ్లింది, 2005లో బీఏఈ చేతికి. వోల్వో విమాన ఇంజిన్ల కంపెనీ 2012లో బ్రిటన్ కంపెనీ జీకేఎన్‌కి. చిన్న దేశంలో ప్రతి ఖాళీ కాలమూ ఒక కంపెనీని బయటివాళ్లకి అమ్మేసే కాలం అవుతుంది. సాబ్ మిగిలిందంటే, వాలెన్‌బెర్గ్ కుటుంబపు ఇన్వెస్టర్ సంస్థ దాదాపు 30 శాతం వాటాతో దశాబ్దాలుగా కదలకుండా కూర్చోవడం పెద్ద కారణం. మూడు నెలలకోసారి లాభం అడిగే వాటాదారుడు ఈ పరిశ్రమకు సరిపోడు.

ఇప్పుడు

ఉక్రెయిన్ యుద్ధం తర్వాత సమస్య తలకిందులైంది. స్వీడన్ 2024 మార్చి 7న నాటోలో చేరింది. 2030 నాటికి రక్షణ ఖర్చు జీడీపీలో 3.5 శాతానికి చేర్చడానికి, 30,000 కోట్ల క్రోనర్ల దాకా అప్పు చెయ్యడానికి 2025లో పార్టీలన్నీ ఒప్పుకున్నాయి. సాబ్ 2024 అమ్మకాలు 6,375 కోట్ల క్రోనర్లు, ఆ ఏడాది చివర చేతిలో ఉన్న ఆర్డర్లు 18,700 కోట్లు. మూడేళ్ల పని గోడౌన్‌లో పెట్టుకున్నట్టే. కార్ల్-గుస్టాఫ్ భుజం మీది ఆయుధానికి గిరాకీ ఎంతుందంటే, స్వీడన్ బయట మొదటి ఫ్యాక్టరీ హర్యానాలోని ఝజ్జర్‌లో పెడుతోంది. రక్షణ రంగంలో నూరు శాతం విదేశీ పెట్టుబడికి మన ప్రభుత్వం అనుమతించిన మొదటి ప్రాజెక్టు అది.

ఆర్డర్లు నిండుగా ఉన్నప్పుడు ఖాళీ గురించి ఎవరూ మాట్లాడరు. స్వీడన్ మాట్లాడుతోంది. గ్రిపెన్ తర్వాతి విమానం గురించి అధ్యయనానికి 2024లో సాబ్‌కు కాంట్రాక్టు ఇచ్చారు. 2025లో దాన్ని 2027 దాకా పొడిగిస్తూ ఇంకో 260 కోట్ల క్రోనర్లు కలిపారు. సొంతంగా కట్టాలా, ఇంకెవరితోనైనా కలవాలా, కొనుక్కోవాలా అన్నది 2030 ప్రాంతంలో తేలుస్తారు. ఆ 260 కోట్లలో వాయుసేనకు ఒక్క యుద్ధవిమానం కూడా రాదు. ఇంజినీర్లు ఒకచోట కూర్చుని పని చేస్తూ ఉంటారు, అంతే. నా కాస్ట్ షీట్‌లో లేని గడిని స్వీడన్ తన బడ్జెట్‌లో రాసుకుందని ఆ అంకె చూశాక అర్థమైంది.

మా షాపులో

కిందటేడు మా షీట్‌లో ఆ గడి కలిపాను. ఏడాదికి మించి ఆర్డర్ రాని ప్రతి కష్టమైన పార్టుకీ, నాలుగు నెలలకోసారి రెండు పీసులు కోసి, కొలిచి, రిపోర్టు ఫైల్లో పెట్టాలి. మెటీరియల్, మెషిన్ గంటలు, సెట్టర్ సమయం కలిపి దానికయ్యే ఖర్చు ఎంతో లెక్క తేల్చాం. తెనాలి నుంచి పెద్దాయన్ని వారం రోజులు పిలిపించి, కుర్రాళ్ల పక్కన నిలబెట్టి, ఆయన చేసేదంతా ఫోన్‌లో వీడియో తీశాం. రాత్రంతా వదిలేయడం ఇప్పుడు ప్రాసెస్ షీట్‌లో 40వ ఆపరేషన్.

ఆ రెండు పీసుల ఖర్చులో సగం భరించమని మూడు పార్టుల విషయంలో కస్టమర్‌కి రాశాం. వాళ్ల కొనుగోలు విభాగం మొదట అస్సలు కుదరదంది. మా లాట్ రిజెక్షన్ల చిట్టా, వాళ్ల అసెంబ్లీ ఆగిన రోజుల చిట్టా పక్కపక్కన పెట్టి మళ్లీ పంపాను. ఒక పార్టుకి ఒప్పుకున్నారు, ఆ బ్రాకెట్‌కే. మిగతా రెండింటి మీద ఇంకా మెయిళ్లు నడుస్తున్నాయి.